రెండు నిబంధనల మధ్య పేజీ

మా ఆఫీసులో పాత కాగితానికి ఒక్క రోజు కూడా చోటుండదు. డ్రాయింగుకు కొత్త రివిజన్ వచ్చిందంటే పాతదాని మీద ఐమూలగా ఎర్ర ముద్ర కొట్టి, రిజిస్టర్‌లో రద్దు అని రాసి, సాయంత్రానికి ముక్కలు చేసే మిషన్‌లో వేస్తాం. సైటులో ఎవరైనా పాత డ్రాయింగు చూసి గోడ కడితే ఆ గోడ మళ్ళీ పగలగొట్టాలి. అందుకని పాతదాన్ని మిగల్చకుండా చూడడమే నా ఉద్యోగం. డాక్యుమెంట్ కంట్రోలర్ అంటారు. ఖతర్‌లో పదమూడేళ్ళుగా ఇదే చేస్తున్నాను. మంచి పనివాడిననే పేరుంది.

ముందుగా ఈ సంగతి ఎందుకు చెబుతున్నానంటే, నా జీవితంలో పెద్ద తప్పు కూడా నేను కాగితంతోనే చేశాను.

మాది నరసాపురం దగ్గర. తాతల నాటి నుంచి క్రైస్తవులం. దోహాలో ఫరీజ్ అబ్దుల్ అజీజ్‌లో ఒక పాత బిల్డింగు మూడో అంతస్తులో, కృష్ణా జిల్లా నుంచి వచ్చిన డ్రాఫ్ట్స్‌మన్ ఒకాయనతో ఫ్లాట్ పంచుకుని ఉంటాను. శుక్రవారం మధ్యాహ్నం మా హాల్లో చిన్న కూటం జరుగుతుంది. నర్సులు, అకౌంటెంట్లు, ఏసీ మెకానిక్‌లు, అంతా కలిపి పదిహేనుమంది. కిటికీలు వేసుకుని నెమ్మదిగా పాడుకుంటాం. వాక్యం చెప్పేది నేను.

నాలుగేళ్ళ కిందట మా సైటు బిర్కత్ అల్ అవామిర్‌కు మారింది. కంపెనీ బస్సులో పోనూ రానూ రెండు గంటలు. ఆ రెండు గంటలూ ఫోనులో పాఠాలు వినడం అలవాటైంది. ఒక ముసలి యూదు పండితుడు ఇంగ్లీషులో చెప్పే పాఠాలు. కబ్బాలా అంటారు, యూదుల మార్మిక విద్య. హీబ్రూలో ప్రతి అక్షరానికీ ఒక అంకె, ఒక ఆకారం, లోపల ఒక గుట్టు. దేవుని పేరు నాలుగక్షరాలు. రాస్తారు గాని పలకరు. ధర్మశాస్త్రం తెల్లని మంట మీద నల్లని మంటతో రాసి ఉందట. చదువరులు నల్లదాన్నే చదువుతారట. అక్షరాల చుట్టూ తెల్లగా మిగిలినది కూడా చదవాల్సిన రోజు ఒకటి వస్తుందట. ఇవన్నీ నోటుబుక్కులో దించుకునేవాణ్ణి. ముఖ్యమైనవాటి కింద ఎర్ర గీత.

శుక్రవారాల్లో అవే చెప్పేవాణ్ణి. మొదట పది నిమిషాలు, తర్వాత అరగంట, తర్వాత గంట. మా డ్రాఫ్ట్స్‌మన్ వెనక గోడకు ఆనుకుని కూర్చుని ఊరుకునేవాడు కాదు.

“ఏవండీ రబ్బీ గారూ, మన ఫ్లాట్ నంబరు కూడా లెక్కేసి చెప్పండి. ఈ ఏసీ ఎప్పటికి బాగవుద్దో తేలిపోద్ది.”

“మీరూరుకోండి బ్రదర్,” అని ఒక నర్సమ్మ గదమాయించేది. “మా ఊళ్ళో పాస్టర్ గారు కూడా ఇంత లోతుకి వెళ్ళలేదండి.”

ఆ మాటని నేను వారం రోజులు నెమరు వేసుకున్నాను. లోతుకి వెళ్ళేవాడు. నా గురించి నాకు అలా అనుకోవడం బాగుండేది.

ఆ పాఠాల్లో అన్నింటికంటే నాకు నచ్చింది ఒకటుంది. ఆదిలో దేవుడే అంతటా నిండి ఉన్నాడట. లోకం పుట్టడానికి చోటు లేదు. అందుకని ఆయన తనను తాను వెనక్కి లాక్కున్నాడట. ఆయన ఖాళీ చేసిన చోటే ఈ లోకమట. అంటే దూరంగా జరగడం కూడా ప్రేమేనన్నమాట. ఇది విన్న రోజు బస్సులోంచే నా భార్యకు ఫోను చేసి చెప్పాను. చాలా పొంగిపోతూ చెప్పాను.

ఆవిడ అంతా విని, “ఇక్కడ చోటు చాలానే ఉందండీ,” అంది. కుక్కర్ విజిల్ వేస్తోందని పెట్టేసింది.

ఆవిడ ఎందుకలా అందో నాకు తెలుసు. తెలియనట్టు ఉండడం అప్పటికే నాకు బాగా చేతనైన పని.

పదకొండేళ్ళ కిందట మాకు మొదటి బిడ్డ పుట్టాడు. బాబు. రెండు రోజులు బతికాడు. మా బావమరిది ఫోను చేసినప్పుడు నేను ఆఫీసులో ఉన్నాను. ఆ రోజు కన్సల్టెంటుకు నూట నలభై డ్రాయింగులు పంపాలి. ఫోను పెట్టేసి, మిగిలిన డ్రాయింగులు లెక్క చూసి, జాబితా ప్రింట్ తీసి, డ్రైవర్‌కిచ్చి పంపాను. ఒక్క నంబరు కూడా తప్పు పోలేదు. తర్వాత కుర్చీలో కూర్చున్నాను. ఏడుపు వస్తుందేమోనని చూశాను. రాలేదు. క్యాంటీన్‌లో పప్పూ అన్నం తిన్నాను.

“లీవ్ ఇవ్వం అన్నారు. ప్రాజెక్టు అయిపోయేదాకా మాఫీ, లేదంటే లేదన్నారు,” అని ఇంటికి చెప్పాను. నేను అడగలేదు. మేనేజర్ గది నా బల్లకు పది అడుగుల దూరం. అటు వెళ్ళలేదు. వెళ్తే ఇస్తారని తెలుసు. ఇస్తే బయల్దేరాలి. వెళ్ళి చూడాలి. అది చేయలేకపోయాను. ఇంతకంటే మంచి కారణం నా దగ్గర లేదు. ఇన్నేళ్ళూ వెతికాను.

నాలుగు నెలల తర్వాత మామూలు సెలవులో వెళ్ళాను. వానలు. సమాధుల దొడ్డిలో బురదగా ఉందన్నారు. ఆ వంకతో అటు పోలేదు. ఇంట్లో ఎవరూ ఆ మాట ఎత్తలేదు. తర్వాత ఎప్పుడైనా ఎత్తితే “బాబు” అనేవాళ్ళు, అంతే. తిరుగు ప్రయాణం రోజు నా భార్య మా పెళ్ళి బైబిల్ తెచ్చి నా సంచిలో బట్టల మధ్య పెట్టింది. పెళ్ళిలో మా మామగారు చేతికిచ్చిన బైబిల్ అది, తెల్ల అట్టది. ఆవిడే రోజూ చదువుకునేది.

“ఇది మీ దగ్గర ఉంచుకోండి. మధ్యలో చూడండి,” అంది.

చూస్తానన్నాను. మావాళ్ళ బైబిళ్ళలో పాత నిబంధనకీ కొత్త నిబంధనకీ మధ్య కుటుంబ వివరాల పేజీ ఉంటుంది. పెళ్ళి, పుట్టుకలు, మరణాలు రాసుకునేందుకు. ఆవిడ అక్కడ ఏదో రాసి ఉంటుందని నాకు అర్థమైంది. ఒకసారి దోహాలో కీర్తన ఏదో వెతుకుతుంటే పేజీలు జారి అటువైపు తెరుచుకోబోయింది. పలచటి కాగితం వెనక నుంచి వంకాయరంగు నీడ ఒకటి కనిపించింది. మూసేశాను. తర్వాత చూద్దామనుకున్నాను. ఆ తర్వాత ఫోనులోనే చదవడం మొదలుపెట్టాను. తెల్ల బైబిల్ బీరువా పైకి చేరింది. మాకు తర్వాత ఒక అమ్మాయి పుట్టింది. దాని పుట్టుకకి వెళ్ళాను. అప్పుడూ ఎవరూ పాతదాని గురించి మాట్లాడలేదు.

పోయిన వసంతంలో బస్సులో ఇంకో పాఠం విన్నాను. యూదులు దేవుని పేరున్న కాగితాన్ని చెత్తలో వేయరట. చిరిగిన పుస్తకాలు, చెదిరిన గ్రంథపు చుట్టలు, అన్నీ ఒక గదిలో పోగుచేస్తారట. గెనీజా అంటారు దాన్ని. నిండాక తీసుకెళ్ళి మనిషిని పెట్టినట్టే భూమిలో పెడతారట.

అది విని నేను మా బీరువా పైభాగం గుర్తు చేసుకున్నాను. ఇక్కడి ఏసీ గాలికి బైబిళ్ళ వెన్ను జిగురు ఎండిపోయి పేజీలు ఊడొస్తాయి. కొత్తవి తెచ్చుకున్నాక పాతవి ఏంచేయాలో ఎవరికీ తెలియదు. వీధి చెత్తడబ్బాలో వేయడానికి చేయి రాదు. అందరూ మా ఫ్లాట్‌కు తెచ్చి పడేసి పోయేవాళ్ళు. పాటల పుస్తకాలు, చీలిన కొత్త నిబంధనలు, ఏటా జనవరి ఒకటిన తీసుకునే వాగ్దానపు కార్డులు. మూడు అట్టపెట్టెలు నిండాయి. మా డ్రాఫ్ట్స్‌మన్, “ఇంకో పెట్టె వస్తే బాల్కనీలో పడుకోవాల్సింది నేనేనండి,” అనేవాడు.

శుక్రవారం కూటంలో గెనీజా గురించి చెప్పాను. అందరికీ నచ్చింది. నర్సమ్మలు ఆసుపత్రిలో దొరికే తెల్ల గుడ్డ తెస్తామన్నారు. చుట్టడానికి ముందు ప్రతి పుస్తకం మీదా చేయి వేసి ప్రార్థన చేద్దామన్నారు. పెట్టెలు సర్దుతూ ఆ వారం నేను మా తెల్ల బైబిల్ కూడా అందులో వేశాను. వెన్ను విడిపోయింది, పైఅట్ట ఒకవైపు ఊడింది. పనికిరానిదే. మధ్య పేజీ సంగతి మర్చిపోయానని చాలాకాలం నాకు నేను చెప్పుకున్నాను. అట్ట మీద చేయి వేసి ప్రార్థన చేసినప్పుడు అది గుర్తుంది. కూటంలో ఆ రోజు అందరికంటే ఎక్కువసేపు ప్రార్థించింది నేనే.

గుంత తవ్వినవాడు మా సైటులో జేసీబీ ఆపరేటర్. జగిత్యాల దగ్గరి అబ్బాయి. అబ్బాయి అంటున్నాను గాని ముప్పై ఐదేళ్ళుంటాయి, ఇద్దరు పిల్లల తండ్రి. పర్మిట్ కాగితాల కోసం రోజూ నా బల్ల దగ్గరకు వచ్చేవాడు. మా కంపెనీకే చెందిన ఖాళీ స్థలం ఒకటి కంచె దాటాక ఉంది. దాని మూలకు ఎవరూ రారన్నాడు. శుక్రవారం పొద్దున్నే డ్రాఫ్ట్స్‌మనూ నేనూ పెట్టెలు దింపితే, అతను పది నిమిషాల్లో నడుం లోతు గుంత తీశాడు. దిగి వచ్చి పెట్టెల్లోకి తొంగిచూశాడు.

“గివన్ని బొంద పెడ్తరా సార్?”

“మా పద్ధతి,” అన్నాను. మాది కాదు నిజానికి.

“మా దిక్కు గిట్లాంటియి నీళ్ళల్ల ఇడుస్తరు. ఈడ యాడికని పోతం? సముద్రంల ఏస్తే పోలీసోళ్ళు ఊకుంటరా?” పెట్టె మూత వేస్తూ, “మా క్యాంపుల గూడ దేవుళ్ళ పటాలు, పాత క్యాలెండర్లు శాన జమైనయి సార్. చెత్తల ఏయబుద్ధి గాదు. ఓ మూలకు గవి గూడ పెట్టుకోవచ్చా?”

“కుదరదు తమ్ముడూ. ఇది వేరు.”

“సరే తియ్ సార్.” అతనేం నొచ్చుకోలేదు. నొచ్చుకున్నా నేను చూడలేదు. “పోనీ ప్లాస్టిక్ బకీట్లున్నయి పెయింటువి, మూతలు గూడ ఉన్నయి. అండ్ల పెడ్దామా? ఖరాబు గావు.”

“పాడవ్వాలనే కదా పెట్టేది. మట్టిలో కలవాలి. దాని అర్థమే అది.”

“మీకెర్కే గద సార్ అర్థాలు,” అన్నాడు.

తెల్ల గుడ్డ మూటలు వరుసగా పేర్చాము. మట్టి కప్పాక నేను మూడు మాటలు మాట్లాడాను. డ్రాఫ్ట్స్‌మన్ ఫొటో తీశాడు. కూటం గ్రూపులో పెడితే అందరూ చేతులు జోడించిన బొమ్మలు పెట్టారు. నాకేమీ అనిపించలేదు. ఒక రిజిస్టర్ మూసినట్టు ఉంది, అంతే.

అక్టోబరు మొదట్లో నా భార్య ఫోను చేసింది. పొద్దున, టీ విరామంలో.

“ఏవండీ, ఆ పేజీ ఒకటి ఫొటో తీసి పంపండి.”

“ఏ పేజీ?”

“పెళ్ళి బైబిల్లోదండి. మధ్యలోది.” సమాధుల దొడ్డికి మెరక తోలి గోడ కడుతున్నారని చెప్పింది. రాయి ఉన్న సమాధులు ఉంచుతారు, లేనివి చదును చేస్తారు. బాబుది గోడవార. కర్ర సిలువ ఎప్పుడో పుచ్చిపోయింది. నవంబరులో సమాధుల పండుగలోపు చిన్న రాయి వేయిస్తానంది. “రాళ్ళు చెక్కే ఆయన పేరుతోపాటు పాదం కూడా చెక్కుతానన్నాడండి, అచ్చు చూపిస్తే. ఆసుపత్రిలో నర్సమ్మ ముద్రల సిరా పూసి ఆ పేజీ మీద వేయించింది కదా. అయిదు వేళ్ళూ పడ్డాయి కదా, చిటికెన వేలు ఒక్కటి పలచగా పడింది. అది ఆయన చూసి చెక్కితే తెలుస్తుంది, మనం నోటితో చెబితే తెలియదు. మా నాన్న రాసిన పేరు కూడా అలాగే కొట్టమంటాను, ఆ వంకరతోనే.”

తెలిసినవాడితో మాట్లాడినట్టు మాట్లాడింది. పదకొండేళ్ళుగా నేను ఆ పేజీ తీసి చూస్తున్నానని అనుకుంటోంది.

“ఊఁ,” అన్నాను.

“రేపు పంపండి.”

“ఊఁ.”

ఆ పేజీ మీద ఏముందో నాకు అలా తెలిసింది. బాబుకి పేరు పెట్టారన్న సంగతి కూడా.

మర్నాడు ఫోను కెమెరా బాగాలేదన్నాను. తర్వాత బీరువా తాళం డ్రాఫ్ట్స్‌మన్ దగ్గర ఉండిపోయిందన్నాను. తర్వాత డ్యూటీ ఎక్కువగా ఉందన్నాను. ఆవిడ ప్రతిసారీ “సరేనండి” అంది. రాళ్ళు చెక్కే ఆయనకు ఇంకో వారం గడువు చెప్పింది.

జేసీబీ ఆపరేటర్ నా బల్ల దగ్గరకు వచ్చినప్పుడు మెల్లగా అడిగాను, ఆ గుంత మళ్ళీ తీయగలవా అని. అతను నా ముఖం చూశాడు.

“సార్, గా జాగల యార్డు చేస్తున్నరు గద. నెల రోజులకెల్లి ట్యాంకర్ నీళ్ళు కొడ్తున్రు, మీదికెల్లి రోలర్ తొక్కిస్తున్రు. ఉంటయో లేవో.”

“వెతకాలి తమ్ముడూ.”

“తవ్వాల్నంటె పర్మిట్ గావాలె. పర్మిట్ కాగితం ఇచ్చేటోళ్ళే మీరైతిరి,” అని నవ్వాడు.

కారణం అన్న గడిలో “పాత లైను వెతుకుట” అని రాశాను. ఇంజినీర్ సంతకం పెట్టాడు.

శుక్రవారం పొద్దున్న వెళ్ళాము. అక్కడ గుర్తుపట్టడానికి ఏమీ లేదు. కంచె జరిపేశారు. నేలంతా ఒకే ఎత్తున, సిమెంటులా గట్టిపడి ఉంది. అతను కరెంటు స్తంభం నుంచి అడుగులు లెక్కపెట్టుకుంటూ వచ్చి, మడమతో ఒక గీత గీశాడు. మొదటి చోట రాయి తగిలింది. రెండో చోట తవ్వుతుంటే తెల్ల ప్లాస్టిక్ బకెట్ ఒకటి పైకి వచ్చింది. మూత బిగించి, మీద టేపు చుట్టి ఉంది.

అతను యంత్రం ఆపి దిగాడు. “కోపం జేయకుండ్రి సార్. మీరు పోయినంక నేను పెట్టిన. మీ గుంతల గాదు, పక్కపొంటి వేరే తీసిన.”

మూత తీశాడు. లోపల దేవుళ్ళ పటాలు, క్యాలెండర్ కాగితాలు, ఎవరిదో ఎండిన కంకణం. తడి లేదు. పచ్చ, ఎరుపు, బంగారు రంగులు, నిన్న కొన్నట్టున్నాయి. మళ్ళీ మూత పెట్టి పక్కన ఉంచాడు.

“అయితె మీయి గీడనే ఉండాలె.”

ఉన్నాయి. గుడ్డలు మట్టిరంగుకు తిరిగి, ముట్టుకుంటే వేళ్ళకే వచ్చేశాయి. పుస్తకాలు పుస్తకాల్లా లేవు. తడిసి, నలిగి, ఎండి, మళ్ళీ తడిసి, ఇటుకల్లా అయ్యాయి. మోకాళ్ళ మీద కూర్చుని ఒక్కొక్కటీ తీశాను. తెల్ల అట్టది ఒక్కటే. అది పసుపుగా మారింది గాని గుర్తుపట్టాను.

ఆపరేటర్ తాపీ తెచ్చిచ్చాడు. అంచున పెట్టి నెమ్మదిగా నొక్కితే అది సరిగ్గా మధ్యలో విడింది. పాత నిబంధన ఒక గడ్డ, కొత్త నిబంధన ఒక గడ్డ. నడుమ పేజీ పాత నిబంధన వైపు అంటుకుని ఉంది.

అరచేతి వెడల్పున వంకాయరంగు మరక. నీళ్ళలో సిరా చుక్క పడితే పాకుతుందే, అలా. వేళ్ళెక్కడో మడమెక్కడో తెలియలేదు. పైన పేరు రాసిన చోట కలం ఒత్తిన గీత కూడా లేదు. కాగితాన్ని ఎండకు ఎత్తి పట్టుకున్నాను. పలచగా, తెల్లగా ఉంది.

“ఏముండె సార్ అండ్ల?”

“మా బాబు పేరు. చనిపోయాడు. చిన్నప్పుడే.”

అతను తలకు కట్టుకున్న గుడ్డ తీసి చేతిలో పట్టుకున్నాడు. “అయ్యో. ఏం పేరు సార్?”

నేను కాగితం వైపే చూశాను. ఏడుస్తున్నాననుకుని అతను అటు తిరిగి నిలబడ్డాడు. నేను ఏడవడం లేదు. బాబు పేరు నాకు తెలియదు, అంతే.

కాసేపటికి, “మిగిల్నయి మళ్ళ గట్లనే కప్పుదామా?” అన్నాడు. నేను రెండు గడ్డల్నీ చేతిలోనే పట్టుకుని ఉండేసరికి బకెట్ మూత మళ్ళీ తీశాడు. “గిండ్ల పెట్టుండ్రి సార్. జాగ ఉన్నది.”

ఆ పేజీ ఒక్కటి విడదీసి ఫైలు కవర్‌లో పెట్టుకున్నాను. రెండు గడ్డల్నీ పటాల పక్కన పెట్టాను. పట్టాయి. అతనే మూత బిగించి టేపు చుట్టాడు. తక్కిన మూటలతో పాటు గుంతలో దించి కప్పేశాడు.

తర్వాత ఒక సంగతి గమనించాను. ఆ వారం బస్సులో పాత పాఠం మళ్ళీ విన్నాను. యూదులు ధర్మశాస్త్రపు చుట్టను మట్టికుండలో పెట్టి పాతేవాళ్ళని, అలా పెడితే చాలాకాలం చెడకుండా ఉంటుందని ఆ ముసలాయన స్పష్టంగానే చెప్పాడు. నా నోటుబుక్కు తీసి చూశాను. భూమిలో పెడతారు అన్నంత వరకే రాసుకున్నాను. కింద ఎర్ర గీత కూడా ఉంది.

ఇంటికి ఫోను చేశాను. సోమవారం, పొద్దున డ్యూటీకి ముందు. అమ్మాయి బడికి వెళ్ళిపోయి ఉంటుంది, ఆవిడ ఒక్కతే ఉంటుంది అనుకుని ఆ వేళ చూసుకున్నాను. అంతా చెప్పాను. పాతిపెట్టడం, తవ్వడం, మరక. కూటంలో నేను చెప్పిన అర్థాలు మాత్రం చెప్పలేదు.

లైను తెగిందేమోనని చూసుకున్నాను.

“పోగొట్టారు. సరే,” అంది. “మరి పోకముందు చూశారు కదా?”

“లేదు.”

“ఒక్కసారి కూడానా?”

“లేదు.”

ఇంక ఆగితే మళ్ళీ చెప్పలేనని రెండోది కూడా చెప్పాను. అప్పుడు లీవ్ ఇవ్వకపోవడం అబద్ధమని, నేను అడగనే లేదని.

“అది తెలుసండీ,” అంది. గొంతులో ఏమీ లేదు. “అప్పుడే తెలుసు. మీ కంపెనీలో పనిచేసే ఆయనొకడు మా తమ్ముడికి చెప్పాడు, అడిగితే ఆ రోజే పంపిస్తారని. సరేలే, చూడలేక రాలేదు అనుకున్నాను. అందుకే అది మీ సంచిలో పెట్టాను. అక్కడ ఒక్కరే కూర్చుని చూసుకుంటారులే అనుకున్నాను. మీరేం మాట్లాడకపోతే, చూసి మాట్లాడలేకపోతున్నారనుకున్నాను.”

నేను విన్నాను.

“ఇన్నేళ్ళూ అలాగే అనుకున్నానండి,” అంది.

“పేరేంటి?” అన్నాను.

నా గొంతు నాకే ఆఫీసు గొంతులా వినిపించింది. ఫారం నింపడానికి అడిగినట్టు. దూరంగా ఎవరిదో బండి హారన్ వినిపించింది.

“ఫోనులో చెప్పను,” అంది. “రాయి మీద కొట్టిస్తున్నాను. వచ్చి చదువుకోండి.”

“పాదం?”

“పాదం ఏముంది. లేదుగా. మీరు పంపక ఆలస్యమవుతుంటే ఎవరో ఒక బిడ్డ పాదం చూసి కొడతానన్నాడు ఆయన. వద్దన్నాను. ఆ చోటు ఖాళీగా వదిలేయమంటాను.”

పెట్టేసింది.

ఆ శుక్రవారం కూటంలో వాక్యం చెప్పలేదు. ఒంట్లో బాగాలేదా అని అడిగారు. బాగానే ఉందన్నాను. అక్షరాల గురించి నేను చెప్పిన వాటిలో నాకు తెలిసింది తక్కువని, ఇకనుంచి వంతులవారీగా అందరూ చెబితే బాగుంటుందని అన్నాను. డ్రాఫ్ట్స్‌మన్ ఈసారి నవ్వించడానికి ఏమీ అనలేదు. అందరూ వెళ్ళాక రెండు టీలు పెట్టి ఒకటి నా ముందు పెట్టాడు. “మీ తెల్ల బైబిల్ నేనే గుడ్డలో చుట్టానండి ఆ రోజు. ఒకసారి తెరిచి చూసుంటే బావుండేది,” అన్నాడు. అతనికి నేను విషయం చెప్పలేదు. ఆపరేటర్ చెప్పి ఉంటాడు. తెరవాల్సింది నువ్వు కాదు అనాలనుకున్నాను. టీ తాగాను.

మర్నాడు లీవ్ ఫారం తీసుకున్నాను. ఆ ఫారాలుండేది నా బల్ల సొరుగులోనే. పదమూడేళ్ళుగా ఎవరికి కావాలన్నా తీసిచ్చేది నేనే. తేదీలు రాశాను. సమాధుల పండుగకు రెండు రోజుల ముందు నుంచి పది రోజులు. కారణం అన్న గడి దగ్గర కలం ఆగింది. “కుమారుడి సమాధి” అని రాశాను. ఇంగ్లీషులో రాయాలి, అలాగే రాశాను. అంతకుముందు నా కుమారుడు అన్న మాట నేను ఎక్కడా రాయలేదు.

పది అడుగులు నడిచి మేనేజర్ గది తలుపు తట్టాను. ఆయన కంప్యూటర్ చూస్తూనే చేయి చాపాడు. కాగితం ఇచ్చాను.

“ఎన్ని రోజులు?”

“పది.”

సంతకం పెట్టాడు. కారణం గడి వైపు చూడలేదు. “ఖలాస్. వెళ్ళే ముందు నీ పని ఎవరికప్పగిస్తావో చెప్పు,” అని కాగితం వెనక్కి తోశాడు.

బయటికి వచ్చి గోడ గడియారం చూశాను. లోపలికి వెళ్ళేముందు కూడా చూసి ఉన్నాను. రెండు నిమిషాలు పట్టలేదు.

నా బల్ల దగ్గర కూర్చున్నాను. ఆ రోజు పంపాల్సిన డ్రాయింగులు ఉన్నాయి. ఎర్ర ముద్ర సిరా ఆరిపోయింది. డబ్బాలో రెండు చుక్కలు పోసి, పని మొదలుపెట్టాను.